నాగార్జునకొండ మూడు రోజుల యాత్ర: అపోహలు - వాస్తవాలు

నల్లగొండ నుంచి, మహబూబ్‌నగర్ నుంచి బృందాలను వెంటబెట్టుకొని, నాగార్జునసాగర్ జలాశయంలో దీవిగా ఉన్న నాగార్జునకొండకు, దాని చుట్టుపక్కల చూడవలసిన చోట్లకు మూడు రోజుల యాత్ర నడపడం నా వృత్తి. బస్సు ఎక్కే ముందు ఒకరు, లాంచిలో కూర్చున్నాక మరొకరు, మ్యూజియం గడపలో ఇంకొకరు అడిగే ప్రశ్నలు ఎప్పుడూ దాదాపు ఒకటే విధంగా ఉంటాయి, వాటి వెనుక ఉన్న నమ్మకాలూ అవే. అందులో కొన్ని హాని లేనివే. మరికొన్ని మాత్రం మనిషిని దీవి దాకా తీసుకువెళ్లి కూడా అక్కడ ఉన్నదాన్ని చూడనివ్వవు. నాకు తరచూ ఎదురయ్యే వాటిని, నేను ఇచ్చే సమాధానాలతో సహా ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: నాగార్జునకొండ కృష్ణా నదిలో మొదటి నుంచీ ఉన్న దీవి.

లాంచి కదిలిన పావుగంటకు అందరూ అనుకునేది ఇదే. చుట్టూ నీరు, మధ్యలో పచ్చని గుట్ట కనబడుతుంటే అలా అనుకోవడం సహజం కూడా. కానీ మనం దిగేది ఒక కొండ నెత్తి మీద. నల్లమల కొండల నడుమ, కృష్ణకు కుడివైపున ఇక్కడ ఒక విశాలమైన లోయ ఉండేది. క్రీస్తు శకం మూడు, నాలుగు శతాబ్దాలలో ఇక్ష్వాకు రాజుల రాజధాని విజయపురి ఆ లోయలోనే వెలసింది. 1955 డిసెంబరు 10న జవహర్‌లాల్ నెహ్రూ నాగార్జునసాగర్ ఆనకట్టకు శంకుస్థాపన చేశారు. 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ కాలువలకు నీరు వదిలారు. ఈ రెండు తేదీల మధ్య కాలంలోనే లోయ జలాశయంగా మారింది, లోయను కాపు కాసిన కొండ దీవిగా మిగిలింది. అంటే ఈ దీవి వయసు మన తాతల వయసు కంటే తక్కువ. కొండపైన ఇప్పటికీ కనిపించే కోట గోడలు మధ్యయుగానివి. శత్రువును దూరం నుంచే కనిపెట్టడానికి ఎత్తున కట్టుకున్న గోడల పక్కన ఇప్పుడు నీటి అలల చప్పుడు వినిపిస్తుంది.

ఈ విషయం నేను పుస్తకాలలో చదివి తెలుసుకున్నదే అయినా, దాని బరువు నాకు తెలిసింది మాత్రం లాంచిలో. ఒకసారి మా బృందంలో దేవరకొండ వైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన ఉన్నారు. అందరూ ఎదురుగా కొండను ఫొటోలు తీసుకుంటుంటే ఆయన మాత్రం వెనుకకు, ఎడమ గట్టు వైపు తిరిగి కూర్చున్నారు. ఏమైనా ఇబ్బందిగా ఉందా అని అడిగితే, చేయి చాచి నీళ్లను చూపించి, "గా నీళ్ల కింద మా ఊరు ఉండె బిడ్డా, గాడనే మా నాయిన నాగలి కట్టిండు" అన్నారు. ఆ మాటకు పక్కవారు ఫోన్లు కిందికి దించారు. ఎడమ గట్టున నల్లగొండ జిల్లా వైపు ప్రాచీన ఏలేశ్వరం కూడా ఈ నీటిలోనే మునిగిపోయింది. అందుకే నా యాత్రలో దీవి గురించి చెప్పడం దీవి మీద మొదలవదు, లాంచి గట్టును విడిచిన క్షణం నుంచే మొదలవుతుంది.

అపోహ: దీవి మీద ఉన్న స్తూపాలు, విహారాలు రెండు వేల ఏళ్లుగా అక్కడే ఉన్నాయి. లేదా, అవన్నీ ఈ మధ్య కట్టిన నకిలీలు.

ఒకే బృందంలో ఈ రెండు మాటలూ వింటాను. రెండూ సరికావు. ఆనకట్ట కడితే లోయ మునిగిపోతుందని తేలిన తరువాత, 1954 నుంచి 1960 వరకు ఆర్. సుబ్రహ్మణ్యం ఆధ్వర్యంలో భారత పురావస్తు సర్వేక్షణ శాఖ ఇక్కడ భారీ ఎత్తున తవ్వకాలు జరిపింది. నీరు వచ్చేలోగా పని ముగించాలి కనుక కాలంతో పోటీ పడుతూ వందకు పైగా చోట్ల తవ్వారు. రాతియుగపు పనిముట్ల నుంచి మధ్యయుగపు కట్టడాల వరకు ఆనవాళ్లు వెలికి వచ్చాయి. వాటిలో ముఖ్యమైన తొమ్మిది కట్టడాలను లోయ నుంచి పైకి తరలించి మళ్లీ నిర్మించారు. మరో పద్నాలుగింటికి పెద్ద నమూనాలను కొండపైనా, కుడి గట్టున ఉన్న అనుపు వద్దా కట్టారు. కనుక మీ ఎదురుగా ఉన్నది ఏది అని ప్రతి చోటా అడగడం అవసరం. కొన్ని చోట్ల మీరు చూస్తున్నది ఇక్ష్వాకుల కాలపు రాయే, కానీ అది పుట్టిన చోటు మీ కాళ్ల కింద చాలా లోతున నీటిలో ఉంది. మరికొన్ని చోట్ల రాయి కొత్తది, కొలతలు పాతవి. ఈ తేడా తెలియకపోతే దీవి మీద చూసినదంతా ఒక ఉద్యానవనంలా అనిపించి మరచిపోతాం.

ఇలా కట్టడాలను ఎత్తుకొచ్చి కాపాడుకోవడం మన పాలమూరు వారికి కొత్త సంగతి కాదు. శ్రీశైలం జలాశయం కింద మునిగిపోబోతున్న కూడలి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయిగా విప్పి అలంపురంలో నిలబెట్టారు. సోమశిల గుడులు, జటప్రోలు గుడులు కూడా అలా పైకి వచ్చినవే. మహబూబ్‌నగర్ నుంచి వచ్చేవారికి ఈ పోలిక చెప్పగానే విషయం వెంటనే పట్టుబడుతుంది.

అపోహ: ఆచార్య నాగార్జునుడు ఇక్కడే ఉండి బోధించాడని శాసనాలు చెబుతున్నాయి.

కొండ పేరు ఆ బౌద్ధ తత్త్వవేత్తదే. ఆయనకూ, ఈ చోటికి పాత పేరైన శ్రీపర్వతానికీ సంబంధం చెప్పే సంప్రదాయం బలంగా ఉంది, దాన్ని నేను తక్కువ చేయను. కానీ ఇక్కడ దొరికిన ఇక్ష్వాకుల శాసనాలలో ఆయన పేరు లేదు. అవి విజయపురిని, శ్రీపర్వతాన్ని, విహారాలను, దాతలను పేర్కొంటాయి. సంప్రదాయాన్ని సంప్రదాయంగా, శాసనాన్ని శాసనంగా చెప్పడం గైడు ధర్మమని నేను నమ్ముతాను. వినేవారికి నచ్చుతుందని రెండింటినీ కలిపేస్తే, ఆ తరువాత మనం చెప్పిన నిజాలకు కూడా విలువ ఉండదు.

అపోహ: ఒక దొరగారు ఈ చోటును కనిపెట్టాడు.

1926లో సూరపరాజు వెంకటరామయ్య అనే స్థానిక ఉపాధ్యాయుడు ఒక పాత స్తంభాన్ని చూసి ప్రభుత్వానికి తెలియజేశారు. మద్రాసులోని శాసన విభాగంలో తెలుగు సహాయకుడిగా పనిచేస్తున్న ఎ.ఆర్. సరస్వతి వచ్చి పరిశీలించారు. బ్రిటిష్ పురావస్తు అధికారి లాంగ్‌హర్స్ట్ తవ్వకాలు 1927లో, అంటే ఆ తరువాతనే మొదలయ్యాయి. పాఠశాల పిల్లలను తీసుకువచ్చినప్పుడు ఈ క్రమాన్ని తప్పకుండా చెబుతాను.

అపోహ: ఒక్క పూటలో అయిపోయే దానికి మూడు రోజులు ఎందుకు?

ఈ ప్రశ్న ఖర్చు గురించి అని నాకు తెలుసు, అడగడంలో తప్పేమీ లేదు. లాంచిలో దీవికి దూరం సుమారు 11 కిలోమీటర్లు, దాదాపు గంట ప్రయాణం. తెచ్చిన లాంచియే తిరిగి తీసుకువెళ్లాలి కనుక దీవి మీద దొరికే సమయం కొద్దిగానే ఉంటుంది. పొద్దున్నే హైదరాబాదు నుంచి బయలుదేరి, మధ్యాహ్నం ఎండలో దిగి, మ్యూజియంలో ఒక చుట్టు తిరిగి, ఆకలితో వెనుకకు వచ్చినవారికి గుర్తుండేది లాంచి ప్రయాణం ఒక్కటే. పైగా ఇంతకుముందే చెప్పినట్లు, ఆ లోయ ఇప్పుడు ఒక్క చోట లేదు. కొంత దీవి మీద, కొంత అనుపులో, మిగతాదంతా నీటి అడుగున ఉంది. దాన్ని మనసులో మళ్లీ ఒక్కటిగా కూర్చుకోవడానికి సమయం కావాలి.

అందుకే మొదటి రోజును గట్టు మీదనే గడుపుతాం. నల్లగొండ బృందాలను పానగల్లు గుడుల మీదుగా, పాలమూరు బృందాలను కల్వకుర్తి, దేవరకొండ, కొండమల్లేపల్లి మీదుగా తీసుకువచ్చి, సాయంత్రానికి నాగార్జునసాగర్ హిల్ కాలనీ చేరి, ఈ మధ్య కట్టిన బౌద్ధ ఉద్యానం బుద్ధవనం చూపిస్తాను. రెండో రోజు ఉదయం తొలి లాంచికే దీవి చేరుకుంటాం, మొదట మ్యూజియం, తరువాత ఎండ ముదరక ముందే స్తూపాలు. మూడో రోజు కుడి గట్టుకు దాటి అనుపులో మెట్ల వరుసలతో నిర్మించిన క్రీడా ప్రాంగణం, హారీతి గుడి, విహారం చూసి, చంద్రవంక వాగు సుమారు 70 అడుగుల ఎత్తు నుంచి దూకే ఎత్తిపోతల దగ్గర మధ్యాహ్న భోజనం చేసి తిరుగుముఖం పడతాం.

వారం ఎంచుకోవడంలో జాగ్రత్త అవసరం. నేను ఈ పనిలోకి వచ్చిన కొత్తలో ఒక బృందాన్ని శుక్రవారం దీవికి తీసుకువెళ్లాను. మ్యూజియానికి శుక్రవారం సెలవు. ఎక్కడెక్కడి నుంచో వచ్చినవారు తాళం వేసిన తలుపు ముందు నిలబడి నా ముఖం చూశారు. వారిలో చాలామంది మళ్లీ రాలేకపోయి ఉంటారు, అది ఇప్పటికీ నన్ను బాధిస్తుంది. దీవి పల్నాడు జిల్లాలో, ఆంధ్రప్రదేశ్‌లో ఉంది. మ్యూజియం కేంద్ర పురావస్తు శాఖది. మనం ఎక్కే లాంచి తెలంగాణ గట్టు నుంచి బయలుదేరుతుంది. కనుక లాంచి టికెట్టు వేరు, మ్యూజియం టికెట్టు వేరు. ఒకటి నడిచినంత మాత్రాన రెండోది తెరిచి ఉంటుందని అనుకోకూడదు. బయలుదేరే ముందు రోజు రెండింటి సంగతీ ఫోన్ చేసి కనుక్కోవాలి.

అపోహ: బుద్ధవనం చూస్తే నాగార్జునకొండ చూసినట్లే.

నందికొండ వద్ద 274 ఎకరాలలో నిర్మించిన బుద్ధవనం 2022 మే 14న ప్రారంభమైంది. అమరావతి స్తూపాన్ని మనసులో పెట్టుకొని కట్టిన అక్కడి మహాస్తూపం ఎంతో శ్రద్ధతో చేసిన పని. అది ప్రాచీన స్థలం మాత్రం కాదు. దీవికి వెళ్లే ముందు రోజు చూస్తే స్తూపం భాగాల పేర్లు కళ్లకు అలవాటవుతాయి, మరునాడు విరిగిన రాయిని చూసినప్పుడు అది దేనిలోని ముక్కో తెలుస్తుంది. ముందు అది, తరువాత ఇది అన్న వరుసను నేను ఎప్పుడూ మార్చను.

అపోహ: డ్యాం గేట్లు ఎత్తినప్పుడే వెళ్లాలి.

ఇరవై ఆరు గేట్ల నుంచి నీరు దూకడం చూడవలసిన దృశ్యమే, దాన్ని చూడటానికే అయితే తప్పక రండి. అయితే ఆ రోజులలో వాహనాల రద్దీ విపరీతంగా ఉంటుంది, గాలి వాన ఎక్కువైతే లాంచీలు ఆపివేస్తారు. దీవి కోసం వచ్చేవారికి నవంబరు నుంచి ఫిబ్రవరి వరకు అనుకూలం. జలాశయం పూర్తి మట్టం 590 అడుగులు. వర్షాలు వెళ్లాక నీరు ఇంకా నిండుగా, నిశ్చలంగా ఉన్న ఆ నెలల్లో ఉదయపు మంచు విడిపోతూ నల్లమల ఒక్కొక్క వరుసగా బయటపడటం నేను ఎన్నిసార్లు చూసినా తనివి తీరని దృశ్యం.

అపోహ: పెద్ద లాంచిలో లైఫ్ జాకెట్టు అవసరం లేదు.

అవసరం ఉంది. ఈత వచ్చినవారికీ ఉంది, ఉక్కపోస్తున్నా ఉంది. 2019 సెప్టెంబరులో గోదావరిపై కచ్చులూరు వద్ద పడవ మునిగి ఎన్నో ప్రాణాలు పోయాయి. మా బృందంలో చివరి మనిషి తాళ్లు బిగించుకున్నాడో లేదో చేతితో లాగి చూసిన తరువాతే నేను కూర్చుంటాను. చేపలు పట్టే చిన్న పడవలలో తక్కువ ధరకు దీవికి చేరుస్తామని ఎవరైనా పిలిస్తే వెళ్లకండి.

అపోహ: అది పూర్తిగా బౌద్ధ క్షేత్రం, రాజులు కట్టించింది.

ఇక్ష్వాకు వంశానికి పునాది వేసిన వాసిష్ఠీపుత్ర శాంతమూలుడు అశ్వమేధం చేసిన రాజు. లోయలో అష్టభుజస్వామి (విష్ణువు), పుష్పభద్రస్వామి (శివుడు) ఆలయాలు కూడా బయటపడ్డాయి. రాతియుగం నుంచి మనుషులు ఉన్న చోటు అది. రోమను బంగారు నాణేలు దొరికాయి. పొడవాటి అంగీ తొడిగి ఈటె పట్టుకున్న శక సైనికుడి (శకులు మధ్య ఆసియా నుంచి వచ్చినవారు) శిల్పం దొరికింది. ఆ అంగీని, తలపాగాకు బదులు పెట్టుకున్న టోపీని చూపించి, ఇతడు మన దేశపువాడేనా చెప్పండి అని అడిగితే పిల్లలు సరైన జవాబే చెబుతారు.

ఇక కట్టించిన వారి సంగతి. మహాచైత్యం సుమారు 106 అడుగుల వ్యాసం గల స్తూపం. లోపల బండి చక్రంలాగా నడిమి కుండ, ఆకులు, అంచు వచ్చేలా ఇటుక గోడలు పేర్చి, ఆ గోడల మధ్య మట్టి నింపారు. ఆ పద్ధతి వల్ల ఇటుక తక్కువ పడుతుంది, అంత బరువూ సమంగా పంచుకుపోతుంది. నాలుగు దిక్కులా అయిదేసి ఆయక స్తంభాలు నిలిపారు. బుద్ధుని జననం, ఇల్లు విడవడం, జ్ఞానోదయం, మొదటి బోధ, మహాపరినిర్వాణం అనే అయిదు ఘట్టాలకు అవి గుర్తులు. ఆ స్తంభాల మీదనే దాత పేరు చెక్కి ఉంది. ఆమె శాంతమూలుని చెల్లెలు చాంతిసిరి. శాంతమూలుని కొడుకు వీరపురుషదత్తుని ఆరవ పాలనా సంవత్సరంలో ఆమె దానంతో ఆ చైత్యం పూర్తయింది. బోధిసిరి అనే మరో ఉపాసిక (గృహస్థురాలైన బౌద్ధ భక్తురాలు), రాజకుటుంబానికి చెందని స్త్రీ, తాను చేయించిన పనుల జాబితానే రాతి మీద రాయించింది. ఆమె శాసనంలో కాశ్మీరం, గాంధారం, చీనా పేర్లతో పాటు తంబపణ్ణి దీవి, అంటే నేటి శ్రీలంక, పేరు కూడా ఉంది. సింహళ విహారం ప్రస్తావన కూడా అందులోనే ఉంది.

హాలియా దగ్గరి ఒక ఊరి పొదుపు సంఘం మహిళలను తీసుకువెళ్లినప్పుడు, బ్రాహ్మీ లిపిలో ప్రాకృత భాషలో ఉన్న శాసనం ముందు నిలబడి ఈ సంగతి చెప్పాను. వారిలో ఒకామె, "అయితే ఆమె పేరు ఆమెనే రాయించుకున్నదా సార్, పెనిమిటి పేరు గాకుండ?" అని అడిగారు. అవునని, తల్లి, భర్త, బంధువుల పేర్లు కూడా శాసనాలలో వస్తాయని, కానీ దానం చేసినది స్త్రీయే కనుక దాత పేరు ఆమెదేనని చెప్పాను. ఆమె నన్ను ఆ వరుస ఎక్కడ మొదలవుతుందో చూపించమన్నారు. అద్దానికి అవతలి నుంచి వేలితో అక్షరం అక్షరం చూపిస్తుంటే మిగతావారు కూడా చుట్టూ చేరి, ఆ పేరును గట్టిగా పలికి చూసుకున్నారు. ఆ రోజు తిరుగు లాంచి రెండుసార్లు హారన్ మోగించిన తరువాత గానీ వారిని నేను మ్యూజియం నుంచి బయటకు తీసుకురాలేకపోయాను.