హార్డ్‌విక్ హాల్ కిటికీలు

చిరంజీవులు పండుకీ, చిట్టికీ తాతయ్య దీవెనలు.

ఇంగ్లండ్‌లోని డెర్బీషైర్ నుంచి మీరు పంపిన హార్డ్‌విక్ హాల్ ఫోటోలు అందాయి. "పైకి వెళ్లేకొద్దీ కిటికీలు ఎందుకు పెద్దవవుతున్నాయి తాతయ్యా?" అని చిట్టి అడిగింది కదా. ఆ ఇంటి కిటుకంతా ఆ ప్రశ్నలోనే ఉంది.

హార్డ్‌విక్ హాల్‌ని కట్టించింది బెస్ అనే ఆవిడ. అదే చోట, అంతంతమాత్రం ఆస్తి ఉన్న కుటుంబంలో పుట్టింది. నాలుగు పెళ్లిళ్లు చేసుకుంది, నలుగురు భర్తలూ పోయారు. చివరికి ఇంగ్లండ్‌లో రాణి తర్వాత అంతటి ధనవంతురాలని పేరు పడింది. పక్కనే పాత ఇల్లు ఒకటి ఇంకా కడుతూండగానే 1590లో దీన్ని మొదలుపెట్టి, 1597లో గృహప్రవేశం చేసింది. నమూనా గీసినవాడు రాబర్ట్ స్మిత్‌సన్ అంటారు. రాతిపనితో మొదలై పైకొచ్చినవాడు.

కింద పనివాళ్లు. మధ్యలో బెస్ సొంత గదులు. అన్నిటికంటే పైన రాణిగారి స్థాయి అతిథులకు దర్బారు. అందుకే పైకప్పు ఎత్తు, కిటికీల సైజు అంతస్తు అంతస్తుకీ పెరుగుతాయి. ఆ రోజుల్లో గాజు చాలా ఖరీదు. చిన్న చిన్న పలకల్ని సీసం పట్టీలతో అతికేవాళ్లు. 'హార్డ్‌విక్ హాల్, గోడకన్నా గాజే ఎక్కువ' అని జనం పాట కట్టారంటే ఊహించుకోండి. మరి బయటి గోడలన్నీ కిటికీలైపోతే పొగగొట్టాలు ఎక్కడ పెట్టాలి? ఎక్కువగా లోపలి గోడల్లో దాచారు. బయటి వరుస చెడకూడదని కొన్ని దొంగ కిటికీలు కూడా పెట్టారు. వాటి వెనక ఉన్నది గోడే! చలికాలంలో ఆ ఇంట్లో ఎలా ఉన్నారో గానీ, నాకైతే తలుచుకుంటేనే వణుకు.

బురుజుల మీద రాతిలో చెక్కిన 'ఈ', 'ఎస్' అక్షరాలు ఫోటోలో కనిపించాయి. ఎలిజబెత్ ష్రూస్‌బరీ అని. బెస్ అసలు పేరు ఎలిజబెత్, ష్రూస్‌బరీ అనేది చివరి భర్త వల్ల వచ్చిన బిరుదు. ఇంత చేసినా ఎలిజబెత్ రాణి ఆ ఇంటికి ఒక్కసారీ రాలేదు.

తర్వాత ఇల్లు డెవన్‌షైర్ ప్రభువులకు చేరింది. 1950లో ఒక ప్రభువు పోతే వారసత్వ పన్ను కట్టలేక సర్కారుకి అప్పగించారు. 1959 నుంచి పాత కట్టడాల్ని కాపాడే నేషనల్ ట్రస్ట్ అనే సంస్థ చూసుకుంటోంది.

ఈసారి వెళ్తే పొడవాటి గ్యాలరీలో వేలాడే 13 నేత తెరల్ని దగ్గరగా చూడండి. బెస్ వాటిని 1592లో సెకండ్‌హ్యాండ్‌లో కొంది. వాటి మీద పాత యజమాని హాటన్ వంశపు గుర్తులున్నాయి, మార్పించుకోవాలి అని 5 పౌండ్లు తగ్గించుకుంది కూడా. హాటన్ల గుర్తు ఆడ లేడి. దానికి కొమ్ములు గీయించి, తన ఇంటి మగ జింకని చేసేసింది.

మీ తాతయ్య