గ్రేట్ ఏప్ వెజిటాను ఓడించడం: అపోహలు - వాస్తవాలు

2024 అక్టోబర్‌లో ‘డ్రాగన్ బాల్: స్పార్కింగ్! జీరో’ అనే ఫైటింగ్ గేమ్ విడుదలైంది. 2007లో వచ్చిన ‘బుడోకాయ్ టెంకాయిచీ 3’ తర్వాత అదే వరసలో మళ్లీ ఓ ఆట కోసం అభిమానులు అన్నేళ్లు ఎదురుచూశారు. 182 పాత్రలతో ఆట వచ్చింది, అందరూ సంబరంగా కథానాయకుడు గోకూ కథ మొదలుపెట్టారు. కథ ఇంకా మొదట్లో ఉండగానే కొండంత కోతి రూపంలో, అంటే గ్రేట్ ఏప్‌గా, శత్రువు వెజిటా ఎదురొచ్చాడు. ఎంతోమంది ఆట అక్కడే ఆగిపోయింది.

నేను గేమ్ టెస్టింగ్‌లో పనిచేస్తాను. ఆటలో శత్రువు ఎప్పుడు ఏం చేస్తున్నాడు, ఎక్కడ తెరిపి ఇస్తున్నాడు అని పట్టి పట్టి చూడటమే నా పని. శని, ఆదివారాలు కూడా యానిమే ఫైటింగ్ గేమ్స్‌తోనే గడుస్తాయి. ఈ మిషన్ దగ్గర ఇరుక్కున్న కుర్రాళ్లు నన్ను అడిగే ప్రశ్నల్లో చాలావరకు అవే అపోహలు తిరిగి తిరిగి వస్తుంటాయి. అందుకే ఇది రాస్తున్నాను.

అపోహ: “అన్నా, వీడు మన బటన్లు చదివేస్తున్నాడు. ఇది చీటింగ్. గెలవలేం.”

ఈ అనుమానం ఊరికే పుట్టలేదు. ఫైటింగ్ గేమ్స్ చరిత్రలో కంప్యూటర్ నిజంగానే మోసం చేసిన సందర్భాలున్నాయి. 1991 నాటి ‘స్ట్రీట్ ఫైటర్ 2’లో గైల్ పాత్రతో మనం సోనిక్ బూమ్ వెయ్యాలంటే స్టిక్‌ను కాసేపు వెనక్కి పట్టి ఉంచాలి. అదే గైల్‌ను కంప్యూటర్ ఆడితే ఆ నియమం దానికి వర్తించదు, ముందుకు నడుస్తూనే వేసేస్తుంది. 1993లో వచ్చిన ‘మోర్టల్ కాంబాట్ 2’ ఆర్కేడ్ మెషీన్‌లోనైతే మనం బటన్ నొక్కిన క్షణంలోనే ప్రత్యర్థి దానికి విరుగుడు చేసేవాడు. 90ల్లో ఎస్ఎన్‌కే అనే కంపెనీ ఆటల చివరి బాస్‌లు ఎంత కర్కశంగా ఉండేవారంటే, అన్యాయమనిపించే బాస్ ఎవరైనా సరే ‘ఎస్ఎన్‌కే బాస్’ అనడం ఆటగాళ్లకు అలవాటైపోయింది.

అయితే బటన్ చదివే బాస్‌కు కూడా ఒక బలహీనత ఉంటుంది. వాడు మన ప్రతి కదలికకూ స్పందిస్తాడు కాబట్టి, ఆ స్పందనను మనమే రప్పించొచ్చు. చిన్న డాష్‌తో ముందుకెళ్లి వెంటనే వెనక్కి వచ్చెయ్యండి. వాడు చెయ్యి విసురుతాడు, అది గాలికి పోతుంది. ఆ చెయ్యి వెనక్కి తిరిగొచ్చేలోపు ఉన్న ఖాళీ మీదే. దీన్నే బెయిట్ చేసి పనిష్ చెయ్యడం అంటాం. ఇక గ్రేట్ ఏప్ విషయానికొస్తే, వాడికి మన బటన్లు చదవాల్సిన అవసరమే లేదు. వాడి బలం వేరే చోట ఉంది.

అపోహ: బటన్లు ఎంత వేగంగా కొడితే అంత డ్యామేజ్. ఆగకుండా మాష్ చెయ్యాలి.

ఈ మిషన్‌లో ఓడిపోయేవాళ్లలో ఎక్కువమంది ఇక్కడే ఓడిపోతున్నారు. కాబట్టి దీని గురించి కాస్త వివరంగా చెప్పుకోవాలి.

మామూలు ప్రత్యర్థికి మొదటి దెబ్బ తగలగానే అతను కొన్ని ఫ్రేముల (తెర మీద మారే ఒక్కో బొమ్మ ఒక ఫ్రేమ్) పాటు తూలుతాడు. ఆ సమయంలో ఏమీ చెయ్యలేడు. దీన్ని హిట్‌స్టన్ అంటాం. ఆ తూలుడు పూర్తయ్యేలోపు రెండో దెబ్బ, అది పూర్తయ్యేలోపు మూడోది. కాంబో అనేది అలా పుడుతుంది. గోకూ కథలో అంతకుముందు జరిగిన పోరాటాలన్నీ మన చేతికి నేర్పింది ఇదే. మొదటి దెబ్బ తగిలిందంటే ఇక వంతు మనదే అని వేళ్లు నమ్మేశాయి.

గ్రేట్ ఏప్ లాంటి భారీ పాత్రలకు సూపర్ ఆర్మర్ ఉంటుంది. మామూలు గుద్దులు తగులుతాయి, లైఫ్ బార్ కాస్త తగ్గుతుంది కూడా. కానీ వాడు తూలడు. మీరు మూడో గుద్దు గుద్దుతుంటే వాడు తీరిగ్గా చెయ్యి ఎత్తి మిమ్మల్ని పట్టుకుని నలిపేస్తాడు. తెర మీద మీ దెబ్బలు తగులుతున్నట్టే కనిపిస్తాయి కాబట్టి ఇంకా కొట్టాలనిపిస్తుంది. ఆ ఒక్క అదనపు దెబ్బకే ప్రాణం పోతుంది. ఎన్నిసార్లు, ఎంతమంది ఆట పక్కన కూర్చుని చూసినా నాకు కనిపించింది ఇదే: ఓటమికి ముందు దాదాపు ఎప్పుడూ ఆశపడి కొట్టిన ఒక దెబ్బ ఉంటుంది.

మాషింగ్‌తో ఇంకో ఇబ్బంది ఉంది. చాలా ఫైటింగ్ గేమ్స్ మీరు కాస్త ముందుగా నొక్కిన బటన్‌ను గుర్తుపెట్టుకుని, వీలు దొరకగానే అమలు చేస్తాయి. దాన్ని బఫర్ అంటారు. మీరు ఆగుదామనుకున్నాక కూడా గోకూ ఇంకో గుద్దు విసిరాడంటే అది ఆట తప్పు కాదు, మీ బొటనవేలు ముందే ఇచ్చేసిన ఆదేశం అది. ఒకటి, రెండు కొట్టి, తగిలాయా లేదా అని కూడా చూడకుండా పక్కకు తప్పుకోండి. తప్పుకోవడం కూడా కాంబోలో భాగమే అనుకుని ఆ రెండిటినీ ఒకే కదలికగా సాధన చెయ్యండి.

అపోహ: అంత పెద్ద శరీరం, కదలడానికే టైమ్ పడుతుంది. దూరంగా ఉండి కీ (పాత్ర లోపలి శక్తి) బ్లాస్ట్‌లు వేస్తూ పోతే చాలు.

దూరం మంచిదే, కానీ అది రక్షణ కాదు. వాడి నోట్లోంచి వచ్చే కిరణం దూరాన్ని లెక్కచెయ్యదు. పైగా దూరంగా ఉన్నామన్న ధైర్యంతో అందరూ చేసే పని, నిలబడి కీ నింపుకోవడం. కీ నింపుకునేటప్పుడు గోకూ కదలడు. వాడికి అంతకంటే తేలికైన గురి ఏముంటుంది?

దూరాన్ని టైమ్ సంపాదించుకోవడానికి వాడండి. ప్రతి దాడికీ మూడు భాగాలుంటాయి: మొదలయ్యే ముందు సన్నాహం, తగిలే క్షణం, తర్వాత కోలుకునే వ్యవధి. మేం వాటిని స్టార్టప్, యాక్టివ్, రికవరీ అంటాం. పెద్ద పాత్రలకు ఈ మొదటి, చివరి భాగాలు పొడవుగా ఉంటాయి, అదే మనకు వరం. నోటి కిరణం తప్పించుకున్నాక, వాడు మళ్లీ కదిలేలోపు ఉన్న ఆ రికవరీలో మీరు ఒక్క పని చెయ్యొచ్చు. కీ నింపుకోవడమో, నిండి ఉంటే కమెహమెహా కిరణం లాంటి సూపర్ దాడి వెయ్యడమో. రెండూ చేద్దామనుకుంటే రెండూ దక్కవు. కీ నింపడం కూడా దఫదఫాలుగా చెయ్యండి. కొంచెం నింపి, వదిలి, కదిలి, మళ్లీ నింపండి.

నా అభిప్రాయంలో అన్నిటికంటే ప్రమాదకరమైంది మధ్య దూరం. వాడి చెయ్యి, కాలు రెండూ అందే చోటు అది, మన గుద్దు మాత్రం అందదు. ఉంటే పూర్తిగా దగ్గరగా వెళ్లి రెండు కొట్టి వచ్చెయ్యాలి, లేదంటే బాగా దూరంగా ఉండాలి.

అసలు కథను గుర్తుచేసుకున్నా ఈ పోరాటం తీరు అర్థమవుతుంది. గోకూ, వెజిటాల జాతి అయిన సయాన్లు గ్రేట్ ఏప్‌గా మారితే బలం పదింతలవుతుంది. తోరియామా అకీరా రాసిన కథలో గోకూ ఈ కోతిని పిడిగుద్దులతో గెలవలేదు. తైయోకెన్ అనే వెలుగుతో కళ్లు బైర్లు కమ్మించి, దూరంగా పారిపోయి, గెంకీదామా అనే శక్తి బంతి కోసం శక్తి కూడగట్టుకోబోయాడు. అది కూడా పూర్తికాకుండానే వెజిటా దెబ్బ కొట్టాడు. చివరికి గోకూ పక్షంలోని యాజిరోబే వెనకనుంచి వచ్చి తోక నరికితేనే ఆ రూపం పోయింది. అంటే కథలోనే ఒంటరిగా గెలవని పోరాటాన్ని ఆట మన ఒక్కరి చేతిలో పెట్టింది. కష్టంగా ఉందంటే అది మీ చేతగానితనం కాదు. ఆట తయారుచేసినవాళ్లు అలాంటి పోరాటాన్నే ఎంచుకున్నారు.

అపోహ: గార్డ్ (దెబ్బలను అడ్డుకునే బటన్) వదలకుండా పట్టుకుంటే ఏమీ కాదు.

పట్టుకుని విసిరే దాడిని గార్డ్ ఆపదు. ఈ ఆటలోనే కాదు, ఫైటింగ్ గేమ్స్ అన్నిట్లో దాదాపు ఇదే సూత్రం. గ్రేట్ ఏప్‌కు పట్టుకోవడమంటే మహా ఇష్టం. పక్కకు జరగడం నేర్చుకోండి. పైగా స్పార్కింగ్! జీరోలో గొప్ప రక్షణలేవీ ఉచితం కాదు. దాడిని పసిగట్టి తిప్పికొట్టే సూపర్ పర్సెప్షన్ కీని తింటుంది, దెబ్బలు తింటూనే ఎదురుదెబ్బ కొట్టే రివెంజ్ కౌంటర్ స్కిల్ కౌంట్‌ను (నైపుణ్యాలు వాడేందుకు కూడే పాయింట్లను) తింటుంది. నడిచి తప్పించుకోగలిగిన దెబ్బకు కీ ఖర్చు చెయ్యకండి.

అపోహ: నా రిఫ్లెక్సులు స్లో. వయసైపోయింది. ఇలాంటి ఆటలు పదిహేనేళ్ల పిల్లలకే.

ఇది విన్నప్పుడల్లా నాకు బాధేస్తుంది, ఎందుకంటే లెక్క వేరేలా చెబుతోంది. ఈ ఆటలు సెకనుకు 60 ఫ్రేములతో నడుస్తాయి. అంటే ఒక ఫ్రేమ్ సుమారు 16.7 మిల్లీసెకన్లు. కంటికి ఏదో కనబడి వేలు కదలడానికి మామూలు మనిషికి 200 నుంచి 250 మిల్లీసెకన్లు పడుతుంది, అంటే 12 నుంచి 15 ఫ్రేములు. చురుకైన కుర్రాడికీ మీకూ ఉన్న తేడా మహా అయితే రెండు మూడు ఫ్రేములు.

ఇప్పుడు మీ టీవీ వైపు చూడండి. చాలా టీవీలు బొమ్మను అందంగా చూపించడానికి దాని మీద రకరకాల పనులు చేసి ఆలస్యంగా తెర మీదకు పంపుతాయి. గేమ్ మోడ్ ఆన్ చెయ్యకపోతే ఆ ఆలస్యం 50 నుంచి 100 మిల్లీసెకన్ల దాకా, కొన్నిట్లో ఇంకా ఎక్కువ కూడా ఉండొచ్చు. అంటే మూడు నుంచి ఆరు ఫ్రేములు, అసలు ఆట మొదలవకముందే. వయసు తెచ్చే నష్టం కంటే టీవీ సెట్టింగ్ తెచ్చే నష్టమే ఎక్కువ. హాల్లో టీవీకి పీఎస్5 తగిలించి, ఇంట్లోవాళ్లు సీరియల్స్ చూసే సెట్టింగ్‌లోనే ఆడుతూ తమను తాము తిట్టుకునేవాళ్లు నాకు చాలామంది తెలుసు. సెట్టింగ్స్‌లోకి వెళ్లి గేమ్ మోడ్ ఆన్ చెయ్యండి, కదలికను నునుపు చేసే ఆప్షన్ ఏదైనా ఉంటే ఆపెయ్యండి. ఇది ఈ రోజే చెయ్యాల్సిన పని.

ఇక మిగిలిన సగం కథ ముందే పసిగట్టడం. బాగా ఆడేవాళ్లు దెబ్బను చూసి తప్పుకోరు, దెబ్బకు ముందు జరిగే సన్నాహాన్ని చూసి తప్పుకుంటారు. కోతి భుజం వెనక్కి వెళ్లడం, తల ఎత్తడం, నోటి దగ్గర వెలుగు. ఈ మూడింటినీ పేర్లు పెట్టి గుర్తుంచుకోండి. వెలుగు కనబడగానే ‘నోరు’ అని పైకి అనండి. మొదట్లో విచిత్రంగా అనిపిస్తుంది, కానీ నోటితో అన్నదాన్ని చెయ్యి త్వరగా పట్టుకుంటుంది. నేను పక్కన కూర్చుని నేర్పేటప్పుడు చేయించే మొదటి సాధన ఇదే.

అపోహ: స్పార్కింగ్ మోడ్‌ను చివరిదాకా దాచుకోవాలి.

కీ పూర్తిగా నిండాక ఇంకా నింపుతూ పోతే స్పార్కింగ్ మోడ్ వస్తుంది, అల్టిమేట్ దాడి అందులోనే వెయ్యగలం. దాచుకుని దాచుకుని, లైఫ్ బార్ అడుగంటాక వాడబోతే, ఆ నింపుకునే క్షణంలోనే ఒక్క దెబ్బతో పోతారు. మీ ఆరోగ్యం బాగున్నప్పుడే, కోతి రికవరీలో ఉన్న ఒక పెద్ద ఖాళీ చూసుకుని అందులోకి వెళ్లండి. అల్టిమేట్ కూడా అంతే. వాడు ఖాళీగా నిలబడి ఉన్నప్పుడు వెయ్యకండి, ఏదో ఒక దాడి చేసి ఇంకా కోలుకోనప్పుడు వెయ్యండి.

అపోహ: కష్టస్థాయి తగ్గించుకుంటే అది గెలుపే కాదు.

ఈ మాట అనేవాళ్లతో నేను ఏకీభవించను. ఆట తయారుచేసినవాళ్లు ఆ ఆప్షన్‌ను మీ కోసమే పెట్టారు. పదిహేను గంటల ఉద్యోగం తర్వాత అరగంట ఆడుకునే మనిషికి కథ ముందుకు సాగడం ముఖ్యం. తగ్గించి గెలవండి, కథ చూడండి, చెయ్యి తిరిగాక పాత మిషన్‌కు తిరిగి రండి. అప్పటికి వెజిటా అంత పెద్దగా కనబడడు.

అపోహ: ఆడుతూ ఉంటే అదే వస్తుంది.

రాదు. ఓడిన వెంటనే రీట్రై నొక్కితే అలవాటైన తప్పునే ఇంకోసారి గట్టిపరుస్తారు. ఒక ఆట మొత్తం కొట్టకుండా ఆడండి, కేవలం తప్పించుకుంటూ, ఎంతసేపు బతకగలరో చూడండి. కొట్టాలన్న తొందర లేనప్పుడు కోతి చేసేవన్నీ నెమ్మదిగా కనిపిస్తాయి. పీఎస్5 ఇటీవలి గేమ్‌ప్లేని వీడియోగా దాచుకోనిస్తుంది, ఓడిన చివరి నిమిషాన్ని ఒక్కసారి వెనక్కి చూడండి. మిమ్మల్ని చంపిన దెబ్బను వదిలెయ్యండి, దానికి ముందు మీరు నొక్కిన బటన్ ఏంటో చూడండి.

ఇంకొకటి, దాదాపు ఎవరూ చెయ్యనిది: గ్రేట్ ఏప్ వెజిటా మనం ఎంచుకుని ఆడగల పాత్రల్లో కూడా ఉన్నాడు. మీరే ఆ కోతిగా ఆడండి. ఎదురుగా స్నేహితుణ్నో తమ్ముణ్నో గోకూతో నిలబెట్టండి. ఆట విడుదలైనప్పుడు ఒకే టీవీ ముందు ఇద్దరు ఆడాలంటే హైపర్‌బాలిక్ టైమ్ చాంబర్ అనే పోటీ వేదిక ఒక్కటే దిక్కు, దాని మీద అప్పట్లో విమర్శలొచ్చాయి. కానీ ఈ సాధనకు అంతకంటే మంచి చోటు లేదు. అడ్డొచ్చే కొండలుండవు, అంతా తెల్లటి ఖాళీ, దూరాలు కంటికి స్పష్టంగా తెలుస్తాయి. చెయ్యి ఎంతదాకా అందుతోంది, కాలు తొక్కాక మళ్లీ కదలడానికి ఎంతసేపు పడుతోంది, వీపు వెనక్కి ఎవరైనా వస్తే తిరగడం ఎంత కష్టంగా ఉంది, ఇవన్నీ మీ చేతికే తెలుస్తాయి. తర్వాత పాత్రలు మార్చుకుని, ఇందాక మీకు చిరాకు తెప్పించిన చోటే మీ గోకూను నిలబెట్టండి.