రెంబర్ అంటే జ్ఞాపకం తెచ్చే మందా? డిమెన్షియా మందుల పేర్లపై అపోహలు - వాస్తవాలు

నేను న్యూరాలజీ విభాగంలో మందుల ప్రయోగాలు చూసుకునే ఫార్మసిస్టుని. మా దగ్గరికి వచ్చేవాళ్లలో చాలామంది ఫోన్‌లో ఒక పేరు తెరిచి పట్టుకుని వస్తారు. "నాన్నకి ఇది వాడొచ్చా అండీ?" అని అడుగుతారు. ఆ పేరు ఒక్కోసారి అక్షరాలూ అంకెలూ కలిసిన కోడ్. ఒక్కోసారి నోరు తిరగని పొడుగాటి మాట. ఒక్కోసారి వినగానే ఆశ పుట్టించే బ్రాండ్ పేరు. మూడూ ఒకే మందువి అయ్యుండొచ్చు కూడా. ఇంట్లో మనిషి మతి తప్పిపోతుంటే ఏ చిన్న ఆధారం దొరికినా పట్టుకోవాలనిపిస్తుంది, అది సహజం. కానీ పేరు చూసి ఎంత నమ్మాలి, ఎక్కడ ఆగాలి అన్నది తెలియకపోతే ఆ ఆశే రోగికి హాని చేస్తుంది. తరచూ వినే అపోహలు కొన్ని ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: రెంబర్ అన్న పేరులోనే ఉంది కదా, అది జ్ఞాపకశక్తిని తిరిగి తెచ్చే మందు.

వాస్తవం: 'రిమెంబర్' అన్న ఇంగ్లీషు మాట వెంటనే గుర్తొచ్చేలా ఉంది ఆ పేరు. అయితే అది ఒక కంపెనీ తన ప్రయోగ దశ మందుకి పెట్టుకున్న పేరు మాత్రమే. లోపల ఉన్న పదార్థం మిథైల్‌థయోనినియం క్లోరైడ్. ఇంకా తేలిగ్గా చెప్పాలంటే మిథిలీన్ బ్లూ. 1876లో బట్టలకి వేసే రంగుగా తయారైన పదార్థం అది. ల్యాబుల్లో కణాలకి రంగు పట్టించడానికి ఇప్పటికీ వాడతారు. రక్తం ఆక్సిజన్‌ని సరిగా మోయలేని మెథెమోగ్లోబినీమియా అనే స్థితికి ఆసుపత్రుల్లో ఇంజెక్షన్‌గా ఇస్తారు. అక్కడ దాని విలువ నిజమైనది.

మరి డిమెన్షియాతో దీనికేం సంబంధం? అల్జీమర్స్ రోగుల మెదడు కణాల్లో టావ్ అనే ప్రోటీన్ చిక్కులు పడిపోతుంది. ఆ చిక్కు పడడాన్ని ఈ రంగు పదార్థం ఆపగలదని పరిశోధకుడు క్లాడ్ విష్చిక్ బృందం 1996లో పరీక్షనాళిక స్థాయిలో చూపించింది. 2008 జులైలో చికాగోలో జరిగిన అంతర్జాతీయ సదస్సులో, 321 మందిపై చేసిన రెండో దశ ప్రయోగం ఫలితాలను ఆయనే ప్రకటించారు. ఆయన అప్పుడు స్కాట్లాండ్‌లోని అబర్డీన్ విశ్వవిద్యాలయంలో ఉన్నారు. మందు తయారుచేస్తున్న టావ్‌ఆర్‌ఎక్స్ కంపెనీ స్థాపకుల్లో కూడా ఒకరు. పత్రికలన్నీ రెంబర్ పేరుతో శీర్షికలు పెట్టాయి. 'రెంబర్' అని వెతికితే దొరికే వార్తల్లో చాలావరకు అప్పటివే, వాటిలోని ఉత్సాహం కూడా అప్పటిదే.

తర్వాత జరిగింది అంతగా ప్రచారం కాలేదు. అదే పదార్థాన్ని శరీరం బాగా తట్టుకునే రూపంలోకి మార్చి, ఎల్‌ఎమ్‌టీఎమ్ పేరుతో 891 మందిపై మూడో దశ ప్రయోగం చేశారు. 2016లో ఫలితాలు వచ్చాయి. ఆలోచనాశక్తిలో గానీ, రోజువారీ పనుల్లో గానీ, పోలిక కోసం పెట్టిన బృందం కంటే మందు తీసుకున్నవాళ్లకి మేలు కనిపించలేదు. ఇంకే డిమెన్షియా మందూ వాడని చిన్న బృందంలో మెరుగ్గా ఉందని కంపెనీ వాదించింది. అలా తర్వాత విడదీసి చూసిన లెక్క మీద కొత్త ప్రయోగం చేసుకోవచ్చు, వైద్యం మాత్రం చేయలేం.

ఆ ప్రయోగంలో నన్ను ఆకట్టుకున్న సంగతి ఒకటి ఉంది. ఈ మందు వేసుకుంటే మూత్రం నీలంగానో ఆకుపచ్చగానో వస్తుంది. ఉత్తుత్తి మాత్ర ఇస్తే రంగు రాదు కాబట్టి ఎవరికి ఏది ఇచ్చారో ఇట్టే తెలిసిపోతుంది. అందుకని పోలిక బృందానికి కూడా రోజుకి రెండుసార్లు 4 మిల్లీగ్రాముల చొప్పున అదే పదార్థం ఇచ్చారు, రంగు కోసం. మందుల ప్రయోగాల్లో ఇలాంటి జాగ్రత్తలు ఎన్ని తీసుకుంటారో బయటివాళ్లకి తెలియదు.

ఇంతసేపు రెంబర్ గురించే రాయడానికి కారణం ఉంది. ఒకావిడ వాళ్ల నాన్న కోసం ఆన్‌లైన్‌లో మిథిలీన్ బ్లూ సీసా తెప్పించి నాకు చూపించారు. "రెంబర్ అంటే ఇదే కదండీ" అన్నారు. పేరు విషయంలో ఆవిడ చెప్పింది తప్పేమీ కాదు. కానీ ఆయన రోజూ వేసుకునే మందుల చీటీలో డిప్రెషన్‌కి ఎస్సిటాలోప్రామ్ ఉంది. మిథిలీన్ బ్లూ ఆ రకం మందులతో కలిస్తే శరీరంలో సెరోటోనిన్ విపరీతంగా పెరిగి, జ్వరం, వణుకు, అయోమయం వచ్చి ప్రాణం మీదికి రావచ్చు. దీని గురించి అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ 2011లోనే హెచ్చరించింది. జీ6పీడీ అనే ఎంజైమ్ తక్కువగా ఉన్నవాళ్లకైతే ఎర్ర రక్తకణాలు చితికిపోతాయి. డిమెన్షియా ఉన్న పెద్దవాళ్లలో డిప్రెషన్ మందు వాడేవాళ్లు చాలామందే ఉంటారు. అదృష్టం కొద్దీ ఆ సీసా మూత ఇంకా తీయలేదు.

అపోహ: చివర 'మాబ్' ఉన్నవన్నీ ఒకే రకం, ఒకటి పనిచేస్తే అన్నీ పనిచేస్తాయి.

వాస్తవం: ఈ పొడుగాటి పేర్లు అల్లాటప్పాగా పెట్టినవి కావు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 1950 నుంచి నడిపిస్తున్న పద్ధతి ప్రకారం ఒక్కో ముక్కకీ అర్థం ఉంటుంది. అల్జీమర్స్ కోసం ప్రయోగించిన సోలనెజుమాబ్‌నే తీసుకోండి. 'మాబ్' అంటే మోనోక్లోనల్ యాంటీబాడీ, అంటే ఒకే లక్ష్యాన్ని పట్టుకునేలా ల్యాబులో తయారుచేసిన ప్రోటీన్. 'నె' అంటే నరాల వ్యవస్థ మీద పనిచేసేది. 'జు' అంటే వేరే జీవి యాంటీబాడీని మానవ యాంటీబాడీకి దగ్గరగా మలిచినది. మొదట్లో ఉన్న 'సోలా'కి మాత్రం అర్థమేమీ లేదు, వేరే మందుతో కలగలిసిపోకుండా పెట్టేది.

లెకానెమాబ్ అనే ఇంకో అల్జీమర్స్ మందు పేరులో 'జు' లేదేమని ఒక విద్యార్థి అడిగింది. మంచి ప్రశ్న. అదీ అలా మలిచిన యాంటీబాడీయే. కానీ 2017లో ఆ ముక్కని పేర్ల నుంచి తీసేశారు. 2021లో 'మాబ్'నే పక్కనపెట్టి, కొత్తవాటికి 'టగ్', 'బార్ట్' లాంటి చివరలు తెచ్చారు. అందుకే ప్రయోగాల్లో ఉన్న రెమ్‌టర్‌నెటగ్ అన్న పేరు వినడానికి వేరే జాతిదిలా ఉన్నా, అదీ అల్జీమర్స్ రోగుల మెదడులో పేరుకునే అమైలాయిడ్ అనే ప్రోటీన్‌ని పట్టుకునే యాంటీబాడీయే.

అంటే పేరు ఆ పదార్థం ఏమిటో చెబుతుంది, పనిచేస్తుందో లేదో చెప్పదు. సోలనెజుమాబ్ 2016లో ఒక పెద్ద ప్రయోగంలో, 2023లో ఇంకోదానిలో విఫలమైంది. లెకానెమాబ్ 1795 మందిపై 18 నెలల ప్రయోగంలో జబ్బు ముదిరే వేగాన్ని సుమారు 27 శాతం తగ్గించింది. 18 పాయింట్ల కొలతలో చూస్తే ఆ తేడా అర పాయింటు కంటే తక్కువ, మందు తీసుకున్నవాళ్లూ క్షీణించారు, కాస్త నెమ్మదిగా. ఇక గోసురానెమాబ్ పట్టుకునేది అమైలాయిడ్‌ని కాదు, టావ్‌ని. గాల్కనెజుమాబ్ చివర అచ్చం సోలనెజుమాబ్‌లాగే ఉంటుంది, కానీ అది మైగ్రేన్ మందు.

అపోహ: కొత్త పేరు వచ్చిందంటే కొత్త మందు వచ్చినట్టే.

వాస్తవం: బీఏఎన్2401, లెకానెమాబ్, లెకెంబి, మూడూ ఒకటే. మొదటిది కోడ్, రెండోది జెనరిక్ పేరు, అంటే ఆ పదార్థం అసలు పేరు, మూడోది కంపెనీ పెట్టుకున్న బ్రాండ్. ఆ కోడ్‌లోని అక్షరాలు బయోఆర్కిటిక్ న్యూరోసైన్స్ అన్న స్వీడన్ కంపెనీవి. ఎల్‌వై అని మొదలైతే లిల్లీ, ఎమ్‌కే అయితే మెర్క్. అమెరికా కాగితాల్లో లెకానెమాబ్ తర్వాత నాలుగు అక్షరాల తోక ఒకటి కనిపిస్తుంది. దానికీ అర్థం లేదు, ఏ తయారీదారుదో గుర్తుపట్టడానికి పెట్టింది. డైమ్‌బాన్ అయితే రష్యాలో ఏళ్ల తరబడి అలర్జీకి వాడిన మాత్ర. లాట్రెపిర్డిన్ అన్న పేరుతో అల్జీమర్స్ ప్రయోగాల్లోకి వచ్చి, 2010లో మూడో దశలో విఫలమైంది.

అపోహ: జెనరిక్ పేరు పెట్టారంటే ఆమోదం వచ్చేసినట్టే.

వాస్తవం: కాదు. ప్రయోగాలు నడుస్తుండగానే ఆ పేరు ఇచ్చేస్తారు. అల్జీమర్స్ కోసం ప్రయోగించిన సెమగాసెస్టాట్‌కి పేరుంది. 2010లో దాని ప్రయోగం ఆపేశారు, ఎందుకంటే మందు తీసుకున్నవాళ్ల పరిస్థితి తీసుకోనివాళ్ల కంటే దిగజారింది. వెరుబెసెస్టాట్ కూడా అలాగే ఆగిపోయింది.

అపోహ: బ్రాండ్ పేరు ఎలా పలికినా, ఎలా రాసినా ఫర్వాలేదు.

వాస్తవం: ప్రయోగ దశ దాటిన మందు విషయంలో కూడా ఈ పొరపాటు ప్రాణాంతకం కాగలదు. గాలంటమిన్ అనే అల్జీమర్స్ మందుకి అమెరికాలో మొదట రెమినిల్ అని పేరు. షుగర్ మందు అమరిల్‌తో అది కలగలిసిపోయి, షుగర్ లేనివాళ్లకి అమరిల్ వెళ్లింది. మరణాలు కూడా జరిగాయి. 2005లో అక్కడ ఆ పేరు రజడైన్‌గా మార్చారు. అందుకే నేను ఎవరి చీటీ రాసినా జెనరిక్ పేరు స్పష్టంగా రాసి, పక్కన ఏ జబ్బుకో కూడా రాస్తాను.

అపోహ: "డిమెన్షియా మందు" అంటే ఏ డిమెన్షియాకైనా పనికొస్తుంది.

వాస్తవం: వార్తల్లో అలా రాస్తారు గానీ, లెకానెమాబ్, డోనానెమాబ్ లాంటివి మెదడులో అమైలాయిడ్ ఉందని పరీక్షలో తేలిన, తొలి దశ అల్జీమర్స్‌కి మాత్రమే. రక్తనాళాల వల్ల వచ్చే డిమెన్షియాకీ, లూయీ బాడీ డిమెన్షియాకీ వాటిని ఇవ్వరు. పైగా మెదడులో వాపు, చిన్న రక్తస్రావాలు వచ్చే ప్రమాదం ఉంది కాబట్టి మధ్య మధ్యలో ఎమ్‌ఆర్‌ఐ తీస్తూనే ఉండాలి.

అపోహ: ప్రయోగంలో చేరితే ఆ పేరున్న మందు మనకి దొరికినట్టే.

వాస్తవం: అంగీకార పత్రంలో పేరు ఉంటుంది, మీ సీసా మీద మాత్రం నంబరే ఉంటుంది. లోపల అసలు మందు ఉందో ఉత్తుత్తిది ఉందో మీకూ తెలియదు, మీ డాక్టరుకీ తెలియదు. చాలా ప్రయోగాల్లో చేరేటప్పుడే ఒక చిన్న కార్డు ఇస్తారు. ప్రయోగం పేరు, కోడ్, 24 గంటలూ పలికే ఫోన్ నంబరు దాని మీద ఉంటాయి. కార్డు ఇవ్వకపోతే అడగండి. అది రోగి జేబులో ఉండాలి, బీరువాలో కాదు. అర్ధరాత్రి వేరే ఆసుపత్రికి పరిగెత్తాల్సి వస్తే, "ఏదో మెమరీ మందండీ" అని చెబితే అక్కడి డాక్టరు ఏమీ చేయలేరు. ఆ నంబరుకి ఫోన్ చేస్తే, అత్యవసరమైనప్పుడు కోడ్ విప్పి లోపల ఏముందో చెబుతారు.