స్పెయిన్ సినిమా సంగీతం: పారితోషికంతో లెక్క తీరిపోదు

మాడ్రిడ్‌లో సినిమాల రీ-రికార్డింగ్‌కు వాద్యకారులు చూసి వాయించే స్వరాల ప్రతులు సిద్ధం చేయడం నా వృత్తి. ఇక్కడికి వచ్చి సంగీత దర్శకులు కావాలనుకునే మన పిల్లలు, ఇక్కడే పుట్టి పెరిగిన యువ స్వరకర్తలు కూడా పదేపదే అదే పొరపాటు మాట అంటున్నారు గనుక ముందు దాని సంగతే రాస్తున్నాను.

అపోహ: నిర్మాత ఇచ్చిన మొత్తం పుచ్చుకుని అగ్రిమెంటుపై సంతకం పెట్టాక, స్వరకర్తకు ఇక రావలసిందేమీ ఉండదు.

వాస్తవం: స్పెయిన్ మేధా సంపత్తి చట్టంలోని 87వ అధికరణం ప్రకారం దర్శకుడు, రచయితలతో పాటు, ఆ చిత్రం కోసమే సంగీతం కూర్చిన వ్యక్తి కూడా చిత్రానికి కర్తే. టిక్కెట్టుపై ప్రదర్శించినప్పుడు వసూళ్లలో కొంత శాతం, టీవీలోనో ఆన్‌లైన్‌లోనో వచ్చినప్పుడు తగిన ప్రతిఫలం కర్తలకు దక్కాలని, వాటిని వదులుకుంటున్నట్టు రాసిచ్చినా చెల్లదని 90వ అధికరణం చెబుతోంది. కాబట్టి అగ్రిమెంటులో ‘బై-అవుట్’ (హక్కులన్నిటికీ కలిపి ఒకేసారి చెల్లింపు) అన్న మాట చూసి బెంబేలెత్తిపోనక్కరలేదు. మన దేశంలో 2012 నాటి కాపీరైట్ సవరణ స్వరకర్తల రాయల్టీకి రక్షణ కల్పించినా, థియేటర్‌లో సినిమాతో పాటు వినిపించే సంగీతాన్ని అందులోంచి మినహాయించింది. హైదరాబాద్ అనుభవంతో వచ్చినవారు ఇక్కడి థియేటర్ వాటా గురించి చెబితే ఒక పట్టాన నమ్మకపోవడానికి కారణం అదే.

అయితే ఆ డబ్బు దానంతట అది నడిచి రాదు. కర్తల తరఫున ఈ సొమ్ము వసూలు చేసి పంచే, 1899లో ఏర్పడిన ఎస్‌జీఏఈ వంటి హక్కుల సంస్థలో చేరి, సంగీతాన్ని నమోదు చేయించి, క్యూ షీట్‌ను, అంటే సినిమాలో వాడిన సంగీతం జాబితాను, సరిచూసుకోవాలి. ప్రతి బిట్ పేరు, నిడివి, స్వరకర్త, వాటా అందులో ఉండాలి. తొలి చిత్రం టీవీలో ప్రసారమైనా ఒక్క యూరో అందని ఒక అమ్మాయి నా దగ్గరికి తెచ్చిన షీట్‌లో, పతాక సన్నివేశంలో 4 నిమిషాల 10 సెకన్లు సాగే తీగవాద్యాల బిట్‌కు ఎదురుగా స్వరకర్త గడి ఖాళీగా ఉంది. చివరి టైటిల్స్ మీద వాడుకున్న పాత పాటకు మాత్రం వివరాలన్నీ నిండుగా ఉన్నాయి. నిర్మాతకు కోపం వస్తే మరో అవకాశం ఇవ్వరేమోనన్న భయంతో, పాపం, ఆ పిల్ల నెలల తరబడి నోరు విప్పలేదు. అడగడం తగువు పెట్టుకోవడం కాదు. మిక్సింగ్ పూర్తి కాగానే షీట్‌ను మీరే తయారుచేసి పంపండి.

అపోహ: ఒక్క పెద్ద దర్శకుడి కంట్లో పడితే జీవితం స్థిరపడుతుంది.

వాస్తవం: ఇవి గాలి కబుర్లు. స్పెయిన్ స్వరకర్త అల్బెర్తో ఇగ్లేసియాస్ 1984 నాటికే ఉత్తర స్పెయిన్‌లోని బాస్క్ ప్రాంతపు చిత్రాలకు సంగీతం చేస్తున్నారు; ఇక్కడి పేరున్న దర్శకుడు పెద్రో అల్మోదోవర్‌తో ఆయన తొలి చిత్రం వచ్చింది 1995లో. ఆలోగా అల్మోదోవర్ బెర్నార్దో బొనెజ్జి, ఎన్నియో మొరికోనే, ర్యూయిచి సకమోతో అనే స్వరకర్తలతో పనిచేశారు.

అపోహ: పాటలు కట్టడం వస్తే చాలు.

వాస్తవం: ఇక్కడ పనిలో ఎక్కువ భాగం నేపథ్య సంగీతమే. స్పెయిన్ సినిమాలకిచ్చే గోయా పురస్కారాల్లోనూ పాటకు వేరే విభాగం ఉంది.

అపోహ: చెప్పిన పారితోషికమంతా చేతిలో మిగులుతుంది.

వాస్తవం: చాలా ఒప్పందాల్లో వాద్యకారులు, స్టూడియో, మిక్సింగ్ ఖర్చులన్నీ ఆ మొత్తంలోనే కలిసి ఉంటాయి. పలువురు ఆర్కెస్ట్రా కోసం, ఖర్చు తక్కువని, హంగేరీలోని బుడాపెస్ట్ వెళ్లి రికార్డ్ చేసుకునేది అందుకే. ఎంత ఇస్తారని అడిగే ముందు, అందులో ఏమేమి కలిపారో అడగండి.