న్యాయమూర్తి శామ్యూల్ చేజ్ అభిశంసన: అపోహలు – వాస్తవాలు

అమెరికా రాజ్యాంగ చరిత్రను బోధించే మాకు తరగతి గదిలో తరచుగా వినిపించే పొరపాటు అభిప్రాయాలు కొన్ని ఉన్నాయి. సుప్రీంకోర్టు న్యాయమూర్తి శామ్యూల్ చేజ్ (1741–1811) విషయంలో అవి మరీ ఎక్కువ. ప్రతినిధుల సభ ఆయనను అభిశంసించింది, అంటే పదవి నుంచి తొలగించాలంటూ అభియోగాలు మోపింది; వాటిపై విచారణ జరిపి తీర్పు చెప్పేది సెనేట్.

అపోహ: చేజ్ మొదటి నుంచీ ఫెడరలిస్టు (బలమైన కేంద్ర ప్రభుత్వాన్ని కోరిన పక్షం వ్యక్తి).

వాస్తవం: మేరీలాండ్ తరఫున స్వాతంత్ర్య ప్రకటనపై సంతకం చేసిన ఈయన, 1788లో కొత్త రాజ్యాంగానికి వ్యతిరేకంగా ఓటు వేశారు. ఫెడరలిస్టుగా మారింది ఆ తర్వాతే. 1796లో జార్జ్ వాషింగ్టన్ ఆయనను సుప్రీంకోర్టుకు నియమించారు.

అపోహ: అభిశంసన కేవలం ఫెడరలిస్టుల ప్రత్యర్థి, అప్పటి అధ్యక్షుడు థామస్ జెఫర్సన్ వర్గపు కక్షసాధింపు.

వాస్తవం: కక్ష లేదనలేము గానీ, అందుకు అవకాశమిచ్చింది చేజ్ ప్రవర్తనే. ఆ రోజుల్లో సుప్రీంకోర్టు న్యాయమూర్తులు సర్క్యూట్ కోర్టులకు తిరుగుతూ, జ్యూరీతో కలిసి విచారణలు కూడా జరిపేవారు. 1800లో ఫిలడెల్ఫియాలో, పన్నుకు వ్యతిరేకంగా తిరుగుబాటు నడిపిన జాన్ ఫ్రైస్‌పై రాజద్రోహ విచారణ జరిగినప్పుడు, అతని న్యాయవాదులు నోరు తెరవకముందే చేజ్ రాజద్రోహ చట్టంపై తన అభిప్రాయాన్ని రాతపూర్వకంగా వారి చేతిలో పెట్టగా, వారు నిరసనగా కేసు నుంచి తప్పుకున్నారు. ఫ్రైస్‌కు మరణశిక్ష పడింది. అధ్యక్షుడు జాన్ ఆడమ్స్ క్షమాభిక్ష పెట్టారు. నా దృష్టిలో చేజ్ చేసిన తప్పులన్నింటిలో ఇదే పెద్దది. సెనేట్‌కు మాత్రం 1803లో బాల్టిమోర్ గ్రాండ్ జ్యూరీ (నేరారోపణ మోపాలా వద్దా అని తేల్చే పౌరుల బృందం) ఎదుట జెఫర్సన్ ప్రభుత్వ విధానాలను దుయ్యబడుతూ ఆయన చేసిన ప్రసంగమే ఎక్కువ అభ్యంతరకరంగా తోచింది.

అపోహ: సెనేట్‌లో అత్యధికులు ఆయనను నిర్దోషి అన్నారు.

వాస్తవం: మొత్తం ఎనిమిది అభియోగాల్లో మూడింటిపై అత్యధికులు దోషి అనే ఓటు వేశారు. బాల్టిమోర్ ప్రసంగానికి సంబంధించిన ఎనిమిదో అభియోగంపై 34 మందిలో 19 మంది దోషి అన్నారు, కానీ మూడింట రెండు వంతులకు 23 ఓట్లు కావాలి. సభలో రిపబ్లికన్లే (జెఫర్సన్ పార్టీవారు, నేటి రిపబ్లికన్ పార్టీ కాదు) 25 మంది ఉన్నారు కనుక, వారిలో కొందరు సొంత పార్టీ వెంట నడవకపోవడమే చేజ్‌ను కాపాడింది. 1805 మార్చి 1న తీర్పు ప్రకటించినప్పుడు సెనేట్ అధ్యక్షస్థానంలో ఉపాధ్యక్షుడు ఆరన్ బర్ ఉన్నారు. అంతకు ముందు ఏడాదే ద్వంద్వయుద్ధంలో ఫెడరలిస్టు నేత అలెగ్జాండర్ హామిల్టన్‌ను చంపినందుకు ఆయనపైనే హత్యాభియోగం ఉండడం విచిత్రం.

అపోహ: ఆ కాలంలో ఏ ఫెడరల్ న్యాయమూర్తీ పదవి కోల్పోలేదు.

వాస్తవం: చేజ్ విచారణకు ఏడాది ముందే, 1804 మార్చిలో, న్యూ హాంప్‌షైర్ జిల్లా న్యాయమూర్తి జాన్ పికరింగ్‌ను సెనేట్ తొలగించింది. మతిస్థిమితం తప్పి, మద్యానికి బానిసైన వ్యక్తిని నేరస్థుడిగా పరిగణించవచ్చా అన్న సందేహం అప్పుడే వచ్చింది. చేజ్ మాత్రం 1811లో మరణించేవరకు పదవిలోనే కొనసాగారు. ప్రతినిధుల సభ అభిశంసించిన సుప్రీంకోర్టు న్యాయమూర్తి నేటికీ ఆయన ఒక్కరే.