మెరిసే చేపలు: షాపులో చెప్పేదెంత, నిజమెంత

అక్వేరియం షాపులో నీలి లైటు కింద ఆకుపచ్చ, నారింజ, గులాబీ రంగుల్లో ధగధగలాడే గ్లో ఫిష్‌ను చూసి ఆగని పిల్లలుండరు. చేపతో పాటు చేతిలో పెట్టే సలహాలతోనే అసలు చిక్కు.

అపోహ: ఇవి చీకట్లో వెలుగుతాయి

వెలగవు. లైటు ఆపితే ఇవీ చీకట్లో కలిసిపోతాయి. వీటి కండరాల్లోని ఫ్లోరసెంట్ ప్రొటీన్ నీలి కాంతిని పీల్చుకుని మరో రంగులో వదులుతుంది, అంతే. ఆకుపచ్చ రంగునిచ్చే జన్యువు మొదట దొరికింది ఒక జెల్లీ ఫిష్‌లో. ఆ ప్రొటీన్ మీద చేసిన పనికే 2008లో రసాయన శాస్త్రంలో నోబెల్ ఇచ్చారు. అలాంటి రంగు జన్యువులను మామూలు అక్వేరియం చేపల్లో చేర్చి చేసిన జన్యుమార్పిడి చేపలే ఇవి. సొంతంగా వెలుగునిచ్చే చేపలు వేరే ఉన్నాయి. లోతు సముద్రపు లాంతరు చేపలు, కంటి కింద బ్యాక్టీరియా సంచి మోసే ఫ్లాష్‌లైట్ చేపలు అలాంటివే. అవన్నీ ఉప్పునీటివి, ఇంటి మంచినీటి ట్యాంకులో బతకవు.

అపోహ: యూవీ లైటు పెడితే ఇంకా బాగా మెరుస్తాయి

ప్రమాదమంతా ఇక్కడే. యూవీ అని అడిగితే కొన్నిచోట్ల నీళ్లలో క్రిములను చంపే యూవీ-సి ట్యూబు ఇచ్చేస్తారు. దాని కాంతి తరంగదైర్ఘ్యం సుమారు 254 నానోమీటర్లు. అది ఫిల్టర్ లోపల, మూసిన గొట్టంలోనే ఉండాలి. బయట వెలిగిస్తే చేప కళ్లూ చర్మమే కాదు, చూసేవాళ్ల కళ్లు కూడా దెబ్బతింటాయి. మీక్కావలసింది 450 నానోమీటర్ల దగ్గరి మామూలు నీలి ఎల్ఈడీ. పగటిపూట తెల్ల లైటు, సాయంత్రం రెండు మూడు గంటలు నీలి లైటు, రెండూ కలిపి రోజుకు 8 నుంచి 10 గంటలు దాటనివ్వకండి. చేపకు కనురెప్పలుండవు, రాత్రంతా లైటు వేస్తే విశ్రాంతి లేక బెదురుతుంది, మేత తగ్గుతుంది. టైమర్ ప్లగ్ పెడితే ఆ గొడవే ఉండదు. రంగు తేలిపోయినట్టు కనిపిస్తే ముందు అడుగున ఏముందో చూడండి. తెల్ల రాళ్లు కాంతిని తిప్పికొడతాయి. నల్ల ఇసుక, వెనక నల్ల షీటు పెడితే అదే చేప, అదే లైటు, మెరుపు మాత్రం రెట్టింపనిపిస్తుంది.

అపోహ: అంతా సూదితో ఎక్కించిన రంగే

అలాంటివీ ఉన్నాయి, కానీ అవి వేరు. ఒళ్లు గాజులా కనిపించే గ్లాస్ ఫిష్‌కు వీపు, పొట్ట అంచుల వెంట సూదితో రంగు ఎక్కించి అమ్ముతారు. ఆ గాయాల వల్ల లింఫోసిస్టిస్ అనే వైరస్ జబ్బు సోకే అవకాశం పెరుగుతుంది, రంగు కూడా కొన్ని నెలల్లో వెలిసిపోతుంది. కొనకండి. జన్యుమార్పిడి చేపలో రంగు గీతలుగా, మచ్చలుగా కాక ఒళ్లంతా పరుచుకుని ఉంటుంది, జీవితాంతం ఉంటుంది, పిల్లలకూ వస్తుంది.

అపోహ: ప్రత్యేక చేప, కాబట్టి ప్రత్యేక మేత

రంగు మేతలతో ఈ మెరుపు పెరగదు. ప్రొటీన్‌ను చేప ఒళ్లే తయారు చేసుకుంటుంది. ఆ రంగు వెనక ఉన్నది ఏ జాతి చేపో చూసుకుంటే చాలు, ఎక్కువగా జీబ్రా డానియో, విడో టెట్రా, టైగర్ బార్బ్. డానియోలు కనీసం 6 ఉండాలి. రెండడుగుల పొడవు, అడుగు వెడల్పు, అడుగు ఎత్తు ట్యాంకులో సుమారు 60 లీటర్లు పడతాయి, వాటికి సరిపోతుంది. గాజు గిన్నె వద్దు. కొత్త ట్యాంకులో చేపల వ్యర్థాల నుంచి వచ్చే అమ్మోనియాను తొలగించే ఫిల్టర్ బ్యాక్టీరియా కుదురుకోవడానికి 4 నుంచి 6 వారాలు పడుతుంది. ఆ లోపే చేపలు నింపేస్తే అమ్మోనియా పెరిగి అవి నీటి పైకి వచ్చి నోరు తెరుస్తాయి. దాన్ని జబ్బనుకుని మందు పోస్తే, మందు రకాన్ని బట్టి, ఉన్న కాస్త బ్యాక్టీరియా కూడా పోతుంది. అప్పుడు చేయాల్సింది క్లోరిన్ తీసేసిన నీళ్లతో పావు వంతు మార్చడం, మేత ఆపడం. ఎండాకాలం ట్యాంకు నీళ్లు 32 డిగ్రీలు దాటితే ఆక్సిజన్ తగ్గుతుంది. మూత తీసి నీటి మీదుగా చిన్న ఫ్యాను తిప్పండి, చేపలు దూకకుండా వల కప్పండి. ఐసు ముక్కలు వేయకండి.

అపోహ: షాపులో దొరుకుతోందంటే అనుమతి ఉన్నట్టే

కాదు. మన దేశంలో జన్యుమార్పిడి జీవుల దిగుమతికి, ఉత్పత్తికి, అమ్మకానికి 1989 నిబంధనల ప్రకారం అనుమతి కావాలి. అమెరికాలో 2003 చివర్లో అమ్మకం మొదలైంది. యూరోపియన్ యూనియన్‌లో నిషేధం.

అపోహ: వద్దనుకుంటే చెరువులో వదిలితే పుణ్యం

అన్నిటికన్నా చేటు ఇదే. జీబ్రా డానియో దక్షిణాసియా చేప, మన వాగుల్లో పుట్టి పెరిగేదే. చలికి చచ్చిపోతుందిలే అనుకోవడానికి ఇది చలిదేశం కాదు, పైగా సొంత జాతితో జతకట్టగలదు. బ్రెజిల్‌లో మినాస్ జెరాయిస్ రాష్ట్రపు వాగుల్లో తప్పించుకున్న గ్లో ఫిష్ సంతానోత్పత్తి చేస్తున్నట్టు 2022లో బయటపడింది, అక్కడ డానియో స్థానిక చేప కాకపోయినా. ఉంచుకోలేకపోతే తిరిగి షాపుకో, చేపలు పెంచే మరొకరికో ఇవ్వండి. ట్యాంకు కడిగిన నీళ్లు కూడా సన్నటి వలలో వడకట్టి మొక్కలకు పోయండి. డానియో గుడ్లు సుమారు మిల్లీమీటరే ఉంటాయి, అంత తేలిగ్గా కంటికి ఆనవు.