39 శాతానికి ఎన్ని సీట్లు? ఎన్నికల పద్ధతులపై అపోహలు - వాస్తవాలు

డిగ్రీ విద్యార్థులకు రాజనీతి శాస్త్రం చెప్పడం నా ఉద్యోగం. అధ్యాపకులం కాబట్టి ఎన్నికల డ్యూటీ ఎలాగూ తప్పదు. ప్రిసైడింగ్ అధికారిగా ఈవీఎంలు మోసుకెళ్లాను, కౌంటింగ్ హాలులో బ్యాలెట్ పత్రాలు కట్టలు కట్టాను. ఊళ్లో నన్ను అందరూ అడిగేది ఒకటే: ఎవరు గెలుస్తారు? ఓట్లను సీట్లుగా మార్చే లెక్క గురించి అడిగేవారు అరుదు. ఆ అరుదైనవారు కూడా ఏదో ఒక నమ్మకాన్ని వెంటబెట్టుకునే వస్తారు. అలాంటి నమ్మకాల్లో కొన్ని ఇవి.

అపోహ: సీట్లను చూస్తే జనం మనసు తెలిసిపోతుంది.

ఆంధ్రప్రదేశ్‌లో 2019 శాసనసభ ఎన్నికల్లో తెలుగుదేశానికి దాదాపు 39 శాతం ఓట్లు వచ్చాయి. 175 సీట్లలో దక్కినవి 23. 2024లో వైఎస్సార్ కాంగ్రెస్‌కు కూడా దాదాపు 39 శాతమే వచ్చాయి, సీట్లు మాత్రం 11. రెండుసార్లూ ‘తుడిచిపెట్టుకుపోయింది’ అన్న మాటే విన్నాం. పదిమందిలో దగ్గరదగ్గర నలుగురు ఓటేసిన పార్టీ ఎక్కడికి పోతుంది? పోయినవి సీట్లు. మన పద్ధతిలో ప్రతి నియోజకవర్గం దేని లెక్క దానిదే. అక్కడ రెండో స్థానంలో నిలిచినవారి ఓట్లకు సభలో కుర్చీ ఉండదు.

మరి అదే 39 శాతానికి ఒకసారి 23, ఇంకోసారి 11 ఎందుకు? ఎదుటి పక్షం ఓట్లు ఎలా పోగయ్యాయో చూడాలి. 2019లో గెలిచిన పార్టీకి 50 శాతం దాకా వచ్చాయి. 2024లో మూడు పార్టీలు కలిసి పోటీచేస్తే ఆ కూటమికి 55 శాతం దాకా వచ్చాయి. అంటే మీ ఓట్లు మీ దగ్గరే భద్రంగా ఉన్నా, అవతలివారు చేతులు కలిపితే మీ సీట్లు సగమవుతాయి. మన రాజకీయాల్లో పొత్తుల చర్చకు అంత విలువ ఉండటానికి మూలం ఈ లెక్కే. పొత్తు కుదుర్చుకునేవారి సిద్ధాంతాల్లో దానికి కారణం వెతికి లాభం లేదు.

బ్రిటన్‌లో ఇది ఇంకా విడ్డూరంగా ఉంటుంది. 2024లో లేబర్ పార్టీకి 33.7 శాతం ఓట్లతో 650లో 411 సీట్లు వచ్చాయి. అదే ఎన్నికలో రిఫార్మ్ పార్టీకి 14.3 శాతం ఓట్లు, 5 సీట్లు. లిబరల్ డెమొక్రాట్లకు అంతకన్నా తక్కువగా 12.2 శాతమే వచ్చినా సీట్లు 72. ఒకరి ఓట్లు దేశమంతా పలచగా పరుచుకున్నాయి, మరొకరివి కొన్ని చోట్ల కుప్పపడ్డాయి. తేడా అంతా అక్కడే ఉంది.

అపోహ: ఏదేమైనా ఎక్కువ ఓట్లు వచ్చిన పార్టీకే అధికారం దక్కుతుంది.

ఈ నమ్మకం వమ్మయిన దేశాల్లో నాకు బాగా ఇష్టమైన ఉదాహరణ న్యూజిలాండ్. బ్రిటన్ నుంచి వచ్చిన మన లాంటి పద్ధతే అక్కడా ఉండేది. 1978లో లేబర్ పార్టీకి 40.4 శాతం, నేషనల్ పార్టీకి 39.8 శాతం ఓట్లు వచ్చాయి. సీట్లు మాత్రం నేషనల్‌కు 51, లేబర్‌కు 40. ఒకసారి జరిగితే పొరపాటనుకోవచ్చు. 1981లో మళ్లీ అదే జరిగింది. పైగా ఈసారి సోషల్ క్రెడిట్ అనే మూడో పార్టీకి 20 శాతానికి పైగా ఓట్లు వచ్చినా రెండే సీట్లు దక్కాయి.

జనంలో విసుగు పెరిగింది. రాయల్ కమిషన్ అనే విచారణ సంఘాన్ని వేశారు. అది 1986లో ఇచ్చిన నివేదికలో జర్మనీ తరహా మిశ్రమ పద్ధతిని సిఫారసు చేసింది. ఓటరుకు రెండు ఓట్లుంటాయి: ఒకటి స్థానిక అభ్యర్థికి, ఒకటి పార్టీకి. సభలో ఏ పార్టీకి మొత్తం ఎన్ని సీట్లన్నది పార్టీ ఓటును బట్టి తేలుతుంది. స్థానికంగా గెలిచిన సీట్లు పోగా మిగతావి పార్టీ ముందే ఇచ్చిన అభ్యర్థుల జాబితా నుంచి నింపుతారు. 1993 రెఫరెండంలో, అంటే ప్రజలనే నేరుగా అడిగిన ఓటింగులో, దాదాపు 54 శాతం మంది దీనికి సరే అన్నారు. 1996లో ఈ పద్ధతిలో తొలి ఎన్నిక జరిగింది.

ఆ తర్వాత అంతా సుఖాంతమని చెబితే పాఠ్యపుస్తకంలా ఉంటుంది. నిజానికి 1996లో ప్రభుత్వం ఏర్పడటానికే సుమారు రెండు నెలలు పట్టింది. ఆ సంకీర్ణం 1998లో విచ్ఛిన్నమైంది. కొత్త పద్ధతికీ దాని వింతలు దానికున్నాయి. జాబితా సీట్లు రావాలంటే 5 శాతం ఓట్లైనా ఉండాలి, లేదా ఒక్క నియోజకవర్గమైనా గెలవాలి. 2008లో న్యూజిలాండ్ ఫస్ట్ పార్టీకి 4.07 శాతం ఓట్లు వచ్చి సున్నా సీట్లు మిగిలాయి. యాక్ట్ పార్టీకి 3.65 శాతమే వచ్చినా ఎప్సమ్ అనే నియోజకవర్గం గెలిచిన పుణ్యాన 5 సీట్లు వచ్చాయి. ఈ ఉదాహరణ చెప్పినప్పుడు తరగతిలో ఎవరో ఒకరు ‘ఇదేం న్యాయం సార్’ అనకుండా ఉండరు. అయినా 2011లో పద్ధతి ఉంచాలా మార్చాలా అని మళ్లీ అడిగితే దాదాపు 58 శాతం మంది ఉంచమనే చెప్పారు.

అపోహ: దామాషా పద్ధతి (ఓట్ల నిష్పత్తిలో సీట్లు పంచడం) వస్తే ప్రభుత్వాలు పేకమేడల్లా కూలిపోతాయి.

దీనికి ఇజ్రాయెల్‌ను సాక్ష్యంగా తెస్తారు. నిజమే, 2019 ఏప్రిల్ నుంచి 2022 నవంబరు దాకా అక్కడ ఐదు ఎన్నికలు జరిగాయి. దేశమంతా ఒకే నియోజకవర్గం, సీటు దక్కడానికి 3.25 శాతం ఓట్లు చాలు. కానీ జర్మనీ కూడా ఓట్ల నిష్పత్తిలోనే సీట్లు పంచుతుంది. అక్కడ 1949 నుంచి 2021 దాకా పూర్తిస్థాయి చాన్స్‌లర్లు, అంటే ప్రభుత్వాధినేతలు, ఎనిమిది మందే. సుస్థిరతకు పెట్టింది పేరనే బ్రిటన్‌లో, జర్మనీలో మెర్కెల్ ఒక్కరే పదవిలో ఉన్న కాలంలో ఐదుగురు ప్రధానులు కనిపించారు. గడప ఎత్తు, అంటే సీట్లు రావడానికి కావాల్సిన కనీస ఓట్ల శాతం, ఎంత, పార్టీలకు కలిసి పనిచేసే అలవాటుందా అన్నవి కూడా చూడాలి. గడప ఎత్తు పెరిగితే దానికీ మూల్యం ఉంటుంది: 2025 జర్మనీ ఎన్నికల్లో ఒక పార్టీ 4.98 శాతం దగ్గర ఆగిపోయి, 5 శాతం గడప దాటలేక సభ బయటే ఉండిపోయింది.

దామాషా ఉంటే ఒకే పార్టీకి మెజారిటీ రాదన్నదీ తప్పే. 2024లో దామాషా పద్ధతి ఉన్న శ్రీలంకలో నేషనల్ పీపుల్స్ పవర్ (ఎన్‌పీపీ)కి 225లో 159 సీట్లు వచ్చాయి.

అపోహ: ప్రాధాన్య ఓటు, ఓటు బదిలీ మనకు తెలియని విదేశీ వ్యవహారం.

పట్టభద్రుల ఎమ్మెల్సీ ఎన్నికల్లో ఊదారంగు పెన్నుతో 1, 2, 3 వేసినవారు ఈ మాట అనకూడదు. 2021లో హైదరాబాద్-రంగారెడ్డి-మహబూబ్‌నగర్ స్థానానికి 93 మంది పోటీచేశారు. అందరికన్నా తక్కువ ఓట్లున్నవారిని తప్పించి, వారి ఓట్లను తర్వాతి ప్రాధాన్యం ఉన్నవారికి బదిలీ చేసే ఎలిమినేషన్లు సాగిసాగి లెక్కింపు రోజుల తరబడి నడిచింది. టిక్కు పెట్టినా, అంకె బదులు ‘ఒకటి’ అని అక్షరాల్లో రాసినా ఓటు చెల్లదు. పట్టభద్రుల ఓట్లలో చెల్లనివి కట్టలు కట్టలుగా పక్కన పెట్టిన చేతులివి. చదువురాని ఓటరుకు ఇలాంటివి కష్టమని వాదించేవారిని చూస్తే నవ్వొస్తుంది.

ఒకే మనిషిని ఒక లెక్క ఓడించి మరో లెక్క గెలిపించిన కథ కూడా మన దగ్గరే ఉంది. 1957లో వి.వి. గిరి పార్వతీపురం లోక్‌సభ స్థానంలో పోటీచేశారు. అది ద్విసభ్య నియోజకవర్గం, ఒక సీటు గిరిజనులకు రిజర్వు. ఎక్కువ ఓట్లు వచ్చిన మొదటి ఇద్దరూ గిరిజన అభ్యర్థులే. ఒకరికి రిజర్వు సీటు, రెండోవారికి జనరల్ సీటు దక్కాయి. గిరి కోర్టుకు వెళ్లారు. గిరిజన అభ్యర్థి జనరల్ సీటు పొందవచ్చని సుప్రీంకోర్టు 1959లో తేల్చింది. 1961లో ద్విసభ్య నియోజకవర్గాలనే రద్దుచేశారు.

అదే గిరి 1969లో రాష్ట్రపతి పదవికి నీలం సంజీవరెడ్డితో తలపడ్డారు. ఈ ఎన్నికలో ఓటేసేది ఎంపీలు, ఎమ్మెల్యేలు; ఒక్కో ఓటుకు ఒక విలువ ఉంటుంది. మొదటి ప్రాధాన్య ఓట్ల విలువలో గిరికి 4,01,515 వచ్చాయి. ముందున్నారు గానీ సగం దాటలేదు. మూడో స్థానంలో ఉన్న సి.డి. దేశ్‌ముఖ్ ఓట్లలోని రెండో ప్రాధాన్యాలు కూడా కలిశాకే గిరి 4,20,077తో గట్టెక్కారు. రెడ్డిగారికి 4,05,427. దేశ్‌ముఖ్ ఓట్లలో ఎక్కువ భాగం రెడ్డిగారి వైపే వెళ్లాయి, అయినా చాల్లేదు.

అపోహ: పద్ధతి నచ్చకపోతే పార్లమెంటు మార్చేస్తుంది.

ఉన్న పద్ధతిలో గెలిచి వచ్చినవారే ఆ పద్ధతిని మార్చాలి. ఎవరికి తీరిక? మన లా కమిషన్ 1999లో ఇచ్చిన 170వ నివేదికలో అదనపు సీట్లను జాబితా పద్ధతిలో నింపాలని సూచించింది. అది అక్కడే ఉంది. పాలకులు ఉత్సాహంగా ముందుకొచ్చినప్పుడు మాత్రం ఓటరు కాస్త అనుమానించడం మంచిది, ఐర్లాండ్ ఓటర్లలాగా. ఓటు బదిలీ పద్ధతిని తీసేసి బ్రిటన్ తరహా పద్ధతి తెస్తామని అధికార పక్షం 1959 జూన్ 17న రెఫరెండం పెట్టింది. అదే రోజు అధ్యక్ష ఎన్నిక కూడా ఉంది. ఆ పార్టీ నాయకుడు డి వలేరాను అధ్యక్షుడిగా గెలిపించిన ప్రజలు, ఆయన పార్టీ తెచ్చిన ప్రతిపాదనను ఓడించారు. తొమ్మిదేళ్ల తర్వాత ఆ పార్టీ మళ్లీ అడిగింది. ఈసారి ఇంకా పెద్ద తేడాతో ఓడిపోయింది.